రెండు చుక్కలు, ఒక అడ్డగీత

ఆ ఎండాకాలంలో నాకు అన్నిటికంటే ఎక్కువ భయం నా బిడ్డ నోరంటేనే. మిలిట్రీ అంటే భయమే, పోలీసు క్యాంపు అంటే భయమే, ఏటి అవతలి అడవిలో తుపాకి పేలితే భయమే. అవి ఊరందరికీ ఉన్న భయాలు. ముత్తి నోరు మాత్రం నా ఒక్కదాని భయం. దానికి అప్పటికి మూడేళ్లు నిండి నాలుగు నెలలు. ఎవరు కనబడినా ముందు అదే పలకరించేది. చూసింది చూసినట్టు, విన్నది విన్నట్టు, అడగకముందే చెప్పేసేది.

నిజాం రాజ్యం పోయి మిలిట్రీ వచ్చిన తర్వాతి ఎండాకాలం అది. మాది చాకలి ఇల్లు. గూడూరు దాటి అడవి వైపు పోతే పాకాల ఏటి ఒడ్డున ఉంటుంది మా అత్తగారి ఊరు. ఇంట్లో నేను, నా భర్త ఎల్లయ్య, అత్త కట్టమ్మ, ముత్తి, రెండు గాడిదలు. నా పుట్టిల్లు లింగాల ఘనపూర్ దగ్గర. అక్కడ రెండో తరగతి దాకా చదివాను. మూడో తరగతి పుస్తకం ఇంటికి రాకముందే నాకు పెండ్లయింది.

ఎండాకాలం మా ఏరంటే నీళ్లు కాదు, ఇసుక. ఉగాది వచ్చేసరికి నీళ్లన్నీ ఒక పక్కకు జరిగి, చీర అంచంత సన్నగా పారేవి. ఆ కొంచెం నీళ్ల దగ్గర ఎవరి జాగా వాళ్లకుండేది. అందరికంటే పైన తాగునీళ్ల చెలిమలు. ఇసుకను మోకాటి లోతు తోడితే ఊరే నీళ్లను సొరకాయ డొప్పతో కడవలోకి ఎత్తుకునేవాళ్లు. దాని కింద ఇసుకలో పుచ్చతోటలు. ఇంకా కింద మగవాళ్లు స్నానాలు చేసే మడుగు. ఆ కింద మా రేవు, మా బండలు. మా సబ్బునీళ్లు, చౌడునీళ్లు ఎవరి నోట్లోకీ పోగూడదని మమ్మల్ని అక్కడ పెట్టారు. మా కింద బర్రెలు. అంతే, ఆ ఊరికి పటం గీయమంటే నేను అట్లాగే గీస్తాను.

పుచ్చతోటల్లో మాకు దగ్గరగా ఉన్నది నర్సయ్యది. రెండెకరాల మెట్ట చెలక, ఏట్లో ఇంత ఇసుక, ఇద్దరు ఆడపిల్లలు. ఆయన పెద్దగా మాట్లాడేవాడు కాదు. పొద్దంతా ఇసుకలో గుంతలు తోడి పాదుపాదుకూ నీళ్లు పోస్తూ ఉండేవాడు. భార్య పుష్పమ్మ ఇద్దరి వంతు మాటలూ తానే మాట్లాడేది. ముత్తిని చూస్తే చాలు, పగిలిన కాయ ఒకటి చేతిలో పెట్టేది.

"తిను తల్లీ, తిన్నంతసేపన్న మీ అమ్మ చెవులకు జర సుఖం."

"తిన్నంతసేపు గూడ మాట్లాడ్తది అక్కా," అనేదాన్ని నేను.

దొర విడిచిపోయిన గడీలో క్యాంపు పెట్టారు. ముప్పైమంది పోలీసులు. వాళ్ల బట్టలు మా నెత్తినే పడ్డాయి. మొదటి వారమే ఒక పోలీసు నిక్కరు ఊర్లో ఇంకెవరి మూటలోనో పోయిందని ఎల్లయ్యను రెండు గంటలు ఎండలో నిలబెట్టారు. ఆ సాయంత్రమే అత్త నల్లజీడి గింజల సంచి బయటికి తీసింది.

ఊరి బట్టలకు గుర్తులు పెట్టడం మాకు ఎప్పటినుంచో ఉన్నదే. జీడిగింజను దబ్బనంతో పొడిస్తే నల్లటి రసం వస్తుంది. దాంతో బట్ట అంచు లోపలి మడతలో గుర్తు గీసి, పైన ఇంత తడిసున్నం అద్దితే గుర్తు గరుగ్గా అంటుకుంటుంది, ఇక ఆ బట్ట చిరిగిపోవాలే తప్ప గుర్తు పోదు. చేతికంటితే బొబ్బలు. కరణంగారి ఇంటికి కత్తెర గుర్తు. నర్సయ్య ఇంటికి రెండు చుక్కలు, ఒక అడ్డగీత. క్యాంపుకు మూడు చుక్కలు. అత్తకు ఒక్క అక్షరం రాదు, కాని నలభై ఇండ్ల గుర్తులూ కండ్లు మూసుకుని వేలితో తడిమి చెప్పేది. పలక పట్టినదాన్ని కాబట్టి గీత తిన్నగా వస్తుందని గుర్తులు పెట్టే పని నాకు అప్పగించింది.

"గుర్తు లేని బట్ట బానల వడొద్దు," అనేది. "వడ్డదా, ఇగ అది ఎవ్వలిదో దేవునికి సుత తెల్వది."

గుర్తు పెట్టని బట్టలు కొన్ని ఉండేవి. అవి దొరల మీద తిరగబడి, మిలిట్రీకి దొరక్కుండా అడవిలో ఉన్న సంగపోళ్లవి.

వాటిని ఏటి అవతలి లంబాడి తండా నుంచి సోమ్లి అనే ఆమె తెచ్చేది. ఇప్పపువ్వు ఏరుకొచ్చిన గంపలో అడుగున బట్టలు, పైన పువ్వు. చెలిమ దగ్గర నీళ్లు తాగి, మా బండల దగ్గర కాసేపు కూర్చుని, గంప మార్చుకుని పోయేది. మొదటిసారి తెచ్చినప్పుడు ఇంట్లో జరిగిన చర్చ అంతా కలిపి ఇంతే.

"సంగపోళ్లు మనకు వెట్టి బంద్ చేయించిండ్రు," అన్నాడు ఎల్లయ్య. "నాలుగంగీలు ఉతికిపెడ్తె ఏం పోతది?"

"పోతె పానమే పోతది," అన్నది అత్త. "తే ఇగ, నానవెట్టు."

వాటికి వేరే కుండ. వేరుగా ఉడకబెట్టి, వేరుగా జాడించి, ఆరేయడం మాత్రం అన్నిటి మధ్యలో. ముత్తి ముందు ఎవరి పేరూ ఎత్తేవాళ్లం కాదు. అయినా అది ఊరుకుంటుందా? నేను గుర్తులు పెడుతుంటే పక్కన కూర్చుని, ఒక్కొక్క అంచు తిప్పి చూసి ఎవరిదో చెప్పడం దానికి ఆట అయింది. అంచు తిప్పితే ఏమీ లేని బట్టలకు అదే ఒక పేరు పెట్టింది. గుర్తు లేనోళ్ల బట్టలు.

"అట్ల అనొద్దు బిడ్డా," అన్నాను.

"మరి ఎట్ల అనాలె?"

ఆ రోజు నుంచి రేవుకు ఎవరు వచ్చినా దాన్ని చంకన ఎత్తుకునేదాన్ని. దాని నోట్లో ఎప్పుడూ పుచ్చకాయ ముక్కో, బెల్లమో ఉండేట్టు చూసేదాన్ని.

క్యాంపు జమాదారు బెజవాడ వైపు మనిషి. వయసు ముప్పై ఐదుంటుందేమో. రోజూ పొద్దున్నే మడుగులో మునిగి, తల తుడుచుకుంటూ మా బండల దాకా వచ్చేవాడు.

"ఏం భాషమ్మా మీది! సగం ఉర్దూ, సగం అరుపులూనూ."

"మా మాట మీకు ఎక్కది గని దొరా," అన్నది అత్త బట్ట బాదుతూనే, "మీ మురికి మాత్రం మా బండకు మంచిగ ఎక్కుతది."

ఆయన కోపం తెచ్చుకోలేదు, నవ్వాడు. ఆ నవ్వే నాకు ఎక్కువ భయం. కొట్టేవాడైతే దూరంగా ఉండేదాన్ని. ఈయన ముత్తి కోసం జేబులో బిస్కెట్లు తెచ్చేవాడు.

ఉగాది పోయిన పదోరోజో, పన్నెండోరోజో. ఎల్లయ్య ఊర్లో మూటలకు పోయాడు. అత్త కింద బట్టలుడికే బాన దగ్గర పుల్లలు ఎగదోస్తున్నది. నేను నర్సయ్య ఇంటి ధోతి ఒళ్లో పెట్టుకుని గుర్తు గీస్తున్నాను. పాత గుర్తు ఉన్న కొస చిరిగితే పుష్పమ్మ కత్తిరించి మళ్లీ కుట్టింది. నా పక్కన మడతపెట్టడానికి తీసిన ఆరిన బట్టలు. వాటిల్లో సోమ్లి తెచ్చిన నీలి చారల అంగీ ఒకటి. జమాదారు ఎప్పుడు వచ్చాడో చూడలేదు. తలెత్తేసరికి ఇసుకలో గొంతుక్కూర్చుని ముత్తితో ఆడుతున్నాడు.

"ఇదెవరిదే?"

ముత్తి ఖాకీ నిక్కరు అంచు తిప్పింది. "మూడు సుక్కలు. పోలీసోళ్లది."

"అమ్మో! ఇది?"

"కత్తెర. కరణపోళ్లది."

ఆయన నిజంగానే ఆశ్చర్యపోయాడు. "మా అమ్మాయి నీ అంతే ఉంటుంది. దానికింకా కుడిచెయ్యేదో ఎడమచెయ్యేదో తెలియదు." తర్వాత నా పక్కకు వేలు చూపించాడు. "మరి ఆ చారల చొక్కా?"

ముత్తి ఆ అంగీని చూసింది. దాని ముఖం వెలిగింది. దానికి తెలుసు. నోరు తెరవడానికి ముందు అది ఎప్పుడూ రెండు చేతులూ వెనక్కి పెట్టుకునేది. పెట్టుకుంది.

"సూసి చెప్పు బిడ్డా," అన్నాను. "సూడకుండ చెప్తె తప్పు వోతది."

అది లేచి, ఇసుకలో ఆ నాలుగు అడుగులూ వేసేలోపల నా దబ్బనానికి రసం తడి ఇంకా ఉంది. అంగీ లాక్కుని, కింది అంచు తిప్పి, చేతికి అలవాటై అప్పుడే గీస్తున్నదే గీశాను. ఆయనకు నా వీపు కనబడింది, అంతే. ముత్తి వచ్చి అంచు తిప్పింది. ఒక్క క్షణం నా ముఖంలోకి చూసింది.

"రెండు సుక్కలు, అడ్డంగీత," అన్నది. "నర్సయ్యోళ్లది."

బిస్కెట్ దొరికింది.

జమాదారు పోయాడు. సాయంత్రం ఆ అంచు ఇంత కత్తిరించి మళ్లీ మడిచి కుట్టేస్తే సరిపోతుందనుకున్నాను. ఈలోపల ముత్తికి ఆకలి, ఏడుపు. దానికి ఇంత అంబలి తాగించి, చెట్టు కింద పడుకోబెట్టి వచ్చేసరికి సోమ్లి గంప ఎత్తుకుని ఏరు సగం దాటింది. అత్త మూట కట్టి ఇచ్చేసింది. ఆ బట్టలకు గుర్తులుండవు కాబట్టి ఆమె అంచు తిప్పి చూసే పనేలేదు.

పిలవవచ్చు. ఏటి మధ్యలో ఉన్న మనిషిని కేకేసి వెనక్కి పిలిస్తే క్యాంపు బురుజు మీద కాపలావాడు చూస్తాడు. రేపు వచ్చినప్పుడు చెబుదామనుకున్నాను. అత్తకు చెప్పాల్సింది. చెప్పలేదు. ఆమె తిడుతుందని కాదు. చెబితే ఆ భయం నిజమైపోతుందనిపించింది. అంచు లోపలి మడతలో గోరంత గుర్తు, అడవిలో ఎవరు తిప్పి చూస్తారులే అని నాకు నేనే చెప్పుకున్నాను.

సోమ్లి మర్నాడు రాలేదు. తొమ్మిది రోజులు రాలేదు. అవతల తుపాకులు పేలాయి. పదోరోజు వట్టి కడవతో వచ్చి, చెలిమ దగ్గర వంగి, మావైపు చూడకుండానే చెప్పింది. "పోలీసోళ్లు మీదవడ్డరు. అందరు తప్పించుకున్నరు, ఎవ్వలకేం కాలె. ఆరేసిన బట్టలు మాత్రం ఆడనే ఉండిపోయినయ్. ఇగ కొన్ని రోజులు నేను రాను అక్కా."

"పోతె పోయినయ్ తీ, పానాలు దక్కినయ్," అన్నది అత్త.

నేను చేతిలో ఉన్న దుప్పటి పిండిందే పిండుతూ ఉన్నాను.

రెండు రోజులకు జమాదారు వచ్చాడు. స్నానానికి కాదు, బూట్లతో. నేను కింద బాన దగ్గర ఉన్నాను. బండ మీద అత్త ఉంది. ఆయన జేబులోంచి రెండు వేళ్ల వెడల్పు గుడ్డముక్క ఒకటి తీసి ఆమెకిచ్చాడు.

"ముసలమ్మా, నలభై ఇళ్ల గుర్తులు చెబుతావటగా. ఇదెవరిదో చెప్పు చూద్దాం."

అది నీలిచారల గుడ్డో, ఇంకోటో చూడనైనా చూడలేదు మా అత్త. తడిచేయి కొంగుకు తుడుచుకుని, కండ్లు మూసుకుని, బొటనవేలితో తడిమింది. అట్లా చూపించడం ఆమెకు సరదా.

"గిది సుత తెల్వదా దొరా? రెండు సుక్కలు, ఒక అడ్డంగీత. నర్సయ్యోళ్లింటిది."

"నాకూ అలాగే గుర్తు," అన్నాడాయన. ముక్క తీసుకుని, పుచ్చతోట వైపు నడిచాడు.

నర్సయ్య అప్పుడు పాదులకు నీళ్లు పోస్తున్నాడు. ఇద్దరు పోలీసులు రెండు రెక్కలూ పట్టుకున్నారు. చేతిలో కుండ ఇంకా అట్లానే ఉంది. అది ఎక్కడ పెట్టాలా అన్నట్టు ఆయన అటూ ఇటూ చూడటం నాకు బాన దగ్గరినుంచి కనబడింది. ఒక పోలీసు ఆ కుండ తీసుకుని జాగ్రత్తగానే ఇసుకలో పెట్టాడు. పుష్పమ్మ అరుస్తూ వెంటపడింది.

అత్త కండ్లు తెరిచి ఆ చారలు చూసిన చోటే నిలబడి ఉంది. గుడ్డముక్క తడిమిన బొటనవేలిని చూసుకుంటూ ఉంది.

ఇంటికొచ్చాక తలుపు దగ్గరికి వేసింది. "గది సంగపోళ్ల అంగీ. గా చారలు నాకు తెల్వవా? దానికి గుర్తెట్ల వచ్చిందే వీరమ్మా?"

చెప్పాను. అంతా చెప్పాను. కొడుతుందనుకున్నాను. కొట్టలేదు. ఎల్లయ్య గోడకానుకుని కూర్చున్నాడు. వేళ్లు మడుస్తూ లెక్క చెప్పాడు.

"ఉన్నదున్నట్టు చెప్దామంటె ముందుగాల సోమ్లి పోతది. ఎనక తండ పోతది. తండ తగలవెట్టినంక మనం."

"చెప్పకపోతె?" అన్నాను.

"చెప్పకపోతె నర్సయ్య. ఆయినకేం తెల్వదు కాబట్టి నాలుగు రోజులు ఉంచుకోని ఇడుస్తరు. తెలిసినోన్ని ఇడువరు గని తెల్వనోన్ని ఏం చేస్కుంటరు?"

ఆ మాట మా ముగ్గురికీ నచ్చింది. నచ్చక ఏం చేస్తాం? ముత్తి మూలన కూర్చుని మా ముఖాలు ఒక్కొక్కటే చూస్తున్నది. ఆ రోజు అది ఒక్క మాట మాట్లాడలేదు.

నాలుగు రోజులు పోయాయి. విడవలేదు. ఐదోరోజు పుష్పమ్మ మా రేవుకు వచ్చింది. తల దువ్వుకోలేదు. మొత్తం ఊర్లో ఆమె వచ్చి అడగదగిన మనుషులం మేమే అయినట్టు నేరుగా నా దగ్గరికి వచ్చింది.

"మా ఇంట్ల ఎన్నంగీలున్నయో నాకంటె నీకు ఎక్కువ తెలుసు వీరమ్మా. చారలంగీ మా ఆయినకు ఎన్నడన్న ఉండెనా? ఉతికినదానివి నువ్వు. నువ్వచ్చి చెప్పరాదు? ఎవ్వలు చెప్పినా నమ్మరు, నువ్వు చెప్తె నమ్ముతరు."

అత్త నావైపు చూసింది. పో అని గానీ, వద్దని గానీ అనలేదు.

ముత్తిని చంకనెత్తుకుని పోయాను. దాన్ని ఇంటి దగ్గర విడిచిపోవాల్సింది. ఎవరి దగ్గర విడిచినా ఏం మాట్లాడుతుందో అని భయం. పుష్పమ్మను గడీ తలుపు దగ్గరే ఆపేశారు. నన్ను లోపలికి పంపారు. వసారాలో బల్ల వెనక జమాదారు, ముందు కాగితాలు. దూరంగా స్తంభానికి ఆనుకుని నర్సయ్య కూర్చున్నాడు. ముఖం వాచి ఒక కన్ను మూసుకుపోయింది. నన్ను చూసి కొంచెం సర్దుకుని కూర్చున్నాడు. తన మనిషి వచ్చిందని ధైర్యం వచ్చినట్టు.

"చెప్పమ్మా."

"నర్సయ్య పటేలుకు ఉన్నది ఒక్కటే అంగీ దొరా. తెల్లది."

"మరి చారల చొక్కా మీద ఆయనింటి గుర్తెలా వచ్చింది? గుర్తులు పెట్టేదెవరు?"

"నేనే."

"నువ్వే కదా. ఆ రోజు నా కళ్ల ముందే నీ కూతురు చెప్పింది. నీకు ఉతకమని ఆ చొక్కా ఎవరిచ్చారు?"

ముత్తి నా భుజం మీద తల ఎత్తింది. దాని చేతులు వెనక్కి పోవడం నా నడుముకు తెలిసింది. దాని తలను నా మెడకు అదుముకున్నాను. ఊపిరాడక గింజుకున్నది. దారంతా ఆలోచించుకుంటూ వచ్చిన మాట అప్పుడు నోటికొచ్చింది. ఈ మాటతో సోమ్లి పేరు రాదు, మా పేరు రాదు, నర్సయ్యకూ నష్టం లేదు అనుకున్నాను.

"వాళ్లిచ్చిందే దొరా. చారలది పాతంగీ. ఇగ తొడుగరు. ఉతికిచ్చి ఎవ్వలకో ఇచ్చేసిండ్రు. అందుకనే ఇప్పుడు తెల్లది ఒక్కటే ఉన్నది."

"ఇచ్చేశాడా? ఎవరికి?"

"గది నాకెట్ల తెలుస్తది? పాతబట్ట ఎవ్వలన్న అడిగితె ఇయ్యరా దొరా? అందరు ఇస్తరు."

"అంతే కదా," అన్నాడు జమాదారు, మెత్తగా. రాసుకున్నాడు. రాసిన కాగితం నా ముందుకు తిప్పి సిరాదిండు తెరిచాడు. "వేలిముద్ర వెయ్యి."

"నాకు సంతకం వస్తది," అన్నాను.

ఎందుకన్నానో. ఆయన కలం ఇచ్చాడు. పెండ్లయ్యాక కలం పట్టుకోవడం అదే మొదలు. ముత్తిని కిందికి దించి, వంగి, వీరమ్మ అని రాశాను. మ కింద మ ఒత్తు కుదరలేదు, దాన్ని కొట్టేసి మళ్లీ రాశాను. రాసి, బాగానే వచ్చిందని ఒకసారి చూసుకున్నాను కూడా.

తలెత్తేసరికి నర్సయ్య నన్నే చూస్తున్నాడు. నా మాట అర్థం చేసుకోవడానికి ప్రయత్నిస్తున్నట్టు ఆ తెరిచి ఉన్న కన్ను రెండుసార్లు ఆర్పాడు.

బయట పుష్పమ్మ నా రెండు చేతులూ పట్టుకుంది. "చెప్పినవా?"

"చెప్పిన."

"ఏమన్నడు?"

"అంతే కదా అన్నడు."

"నీ కడుపు సల్లగుండ. ఊర్ల ఒక్కలు రాలె, నువ్వన్న వచ్చినవ్." దారంతా నా చేయి విడవలేదు.

మూడోరోజు మధ్యాహ్నం గడీ ముందు లారీ ఆగింది. నర్సయ్యను, ఇంకో ఊరివాళ్లను ఐదుగురిని ఎక్కించారు. పుష్పమ్మ రోడ్డు దాకా ఉరికింది. అందలేదు. ఆ సాయంత్రం క్యాంపులో వంటచేసే మనిషి ఎల్లయ్యతో చెప్పాడు. నర్సయ్య ఏమీ ఒప్పుకోలేదట, ఇంకో రెండు రోజులు చూసి ఇంటికి పంపించేసేవాళ్లేనట. కాని సంగం దళానికి బట్టలిచ్చినట్టు సాక్ష్యం వచ్చిందట, సంతకంతో సహా. వరంగల్‌కు, అక్కడినుంచి జాల్నా జైలుకు పోతారని అన్నాడట.

ఎల్లయ్య ఈ మాట వాకిట్లో నిలబడే చెప్పి, గాడిదలకు నీళ్లు పెట్టడానికి పోయాడు. అత్త ఆ రోజు నుంచి కండ్లు మూసుకుని గుర్తు చెప్పడం మానేసింది. ఎవరైనా అడిగితే "ఆమెను అడుగుండ్రి" అని నన్ను చూపించేది.

ఏరు ఏం ఆగలేదు. చెలిమలు ఇంకో మూర లోతుకు దిగాయి. ముత్రాసివాళ్లు ఆఖరి మడుగు ఎత్తిపోసి చేపలు పట్టారు. పుచ్చకాయలు పండాయి. పుష్పమ్మ, ఇద్దరు పిల్లలు పొద్దంతా ఇసుకలోనే ఉండేవాళ్లు. నేను పొద్దున ఒక గంట, సాయంత్రం ఒక గంట పోయి వాళ్ల పాదులకు నీళ్లు పోసేదాన్ని. "నీకెందుకే ఇంత కష్టం, నీ పని నీకు లేదా?" అనేది పుష్పమ్మ. అని, ముత్తికి అన్నిటికంటే పెద్ద కాయ తెచ్చిపెట్టేది. అది తినేది. నేను తినలేదు.

వారం వారం ఆమె బట్టల మూట వచ్చేది. అందులో నర్సయ్య తెల్లంగీ కూడా ఉండేది. తొడిగే మనిషి లేడు, మురికి లేదు. మొదటి వారం పొరపాటున కలిసిందేమో అనుకున్నాను. రెండో వారం అడిగాను.

"పెట్టెల ఉంటె పుర్గు వడ్తది. ఆయినచ్చేటప్పటికి సాపుగ ఉండాలె గద," అన్నది.

ఆ అంగీని నేను అన్నిటితో కలపలేదు. వేరే కుండలో ఉడకబెట్టి, నీలిమందు పెట్టి, గంజి పెట్టి ఇచ్చేదాన్ని. ఒక్కోసారి బండ మీద కొట్టడానికి చేతులు రాక, ఊరికే నీళ్లలో ముంచి తీసి ఆరేసేదాన్ని.

చెప్పాలని మూడుసార్లు పోయాను. మొదటిసారి పిల్లలున్నారు. రెండోసారి ఆమె తలంటుకుంటున్నది, ఏదో మంచి కల వచ్చిందని సంతోషంగా ఉంది. మూడోసారి ఏ అడ్డమూ లేదు. ఇద్దరమే. ఆమె కాయలు బుట్టలో పేరుస్తున్నది. నేను ఆమె పక్కన కూర్చుని, నోరు తెరిచి, "అక్కా, వాన వచ్చేటట్టున్నది" అన్నాను.

వాన నిజంగానే వచ్చింది. మిరుగు కార్తెకు ముందే. రెండు రోజులకు ఏరు ఎర్రగా వచ్చి మా బండలు మునిగాయి, పుచ్చతోటలు కొట్టుకుపోయాయి. అదే వారం తండాలన్నీ రోడ్డు పక్కకు జరపాలని హుకుం వచ్చింది. సోమ్లి వాళ్లు గంపలు, కోళ్లు, పిల్లలతో ఏరు దాటి పోతూ మమ్మల్ని చూడనట్టే పోయారు. ఇక మమ్మల్ని కూడా క్యాంపుకు పిలుస్తారని ఎల్లయ్య అన్నాడు. గాడిదల మీద బాన, మూటలు వేసుకుని మా పుట్టింటికి, ఘనపూర్‌కు బయలుదేరాం. పుష్పమ్మ ఇంటి ముందునుంచే దారి. ఆమె బయటికి వచ్చి ముత్తికి ముద్దుపెట్టింది.

"మల్ల ఎప్పుడొస్తరు?"

"ఏరు తగ్గినంక," అన్నాడు ఎల్లయ్య.

ఏరు తగ్గింది. మళ్లీ నిండింది, మళ్లీ తగ్గింది. మేం పోలేదు. ఇక్కడ మాకు ఏరు లేదు, కుంట ఉంది. ముత్తికి ఇప్పుడు ఐదేళ్లు దాటాయి. తమ్ముడు పుట్టాడు. ముత్తి మాటలు తక్కువ. అడిగితేనే చెబుతుంది, అదీ నా ముఖం చూసి. ఎంత బుద్ధిమంతురాలో అని అందరూ మెచ్చుకుంటారు.

జాల్నా నుంచి కొందరు వచ్చారని జనగామ సంతలో విన్నాం. పేర్లు ఎవరికీ తెలియవు. ఎల్లయ్యను పోయి చూసి రమ్మంటే "ఏ మొకం వెట్టుకోని పోవాలె?" అంటాడు. అత్త పోయిన ఏడాది కాలం చేసింది. నేను ఘనపూర్ దాటి గూడూరు బాట దాకా ఒకసారి నడిచాను, చంటివాడిని ఎత్తుకుని. బాట దగ్గర కాసేపు కూర్చుని తిరిగి వచ్చాను. అందుకే ఇదంతా రాశాను. రెండో తరగతి చదువుతో రాసింది, తప్పులుంటే దిద్దుకుని చదవండి.

మీలో ఎవరికైనా ఆ వైపు పని పడితే, గూడూరు దాటాక ఏటి ఒడ్డున మా ఊరు ఎవరిని అడిగినా చెబుతారు. పుష్పమ్మ ఇల్లు గడీకి ఇవతల, మట్టిగోడల ఇల్లు, వాకిలి ఏటి వైపు. నర్సయ్య వచ్చాడా అని నేరుగా అడగకండి. రాకపోయుంటే ఆమెకు కష్టంగా ఉంటుంది. కూర్చుని మంచినీళ్లు అడగండి, ఆమే మాట్లాడుతుంది. పొయ్యి వెలుగుతున్నదా, పిల్లలిద్దరూ ఉన్నారా, చెలక ఎవరు దున్నుతున్నారు చూడండి. ఎవరు పంపారని అడిగితే చాకలి వీరమ్మ పంపిందని చెప్పండి. సంతకం పెట్టింది ఆ వీరమ్మే అని కూడా చెప్పండి. చెప్పాక వెంటనే లేచి రాకండి. కాసేపు ఆమె దగ్గర ఉండి, ఎట్లా ఉన్నదో చూసి రండి.